కాకి గూట్లో కొత్త తీగ

కరెంటు స్తంభాల మీద కాకి గూళ్ళు పీకడం కూడా ఒక ఉద్యోగమేనా అని ఈ కాలం పిల్లలు నన్ను అడుగుతుంటారు. ఉద్యోగమే. ఏటా ఎండలు ముదిరేసరికి మా ఆఫీసుకు పైనుంచి ఒక కాగితం వచ్చేది. గాలివానలు మొదలయ్యేలోపు లైన్ల మీది గూళ్ళన్నీ తీసివేయాలి, ఏ స్తంభం మీది గూడు ఏ రోజు తీశారో రాసి పంపాలి. మేము తీసేవాళ్ళం. కాకులు మళ్ళీ కట్టేవి. మేము మళ్ళీ తీసేవాళ్ళం. వానలు పడితే ఆ ఏటికి రెండు పక్షాలూ విశ్రాంతి తీసుకునేవి.

నేను లైన్ మీద పనిచేసిన ఏళ్ళన్నిటిలోనూ మనసులో ముల్లులా నిలిచిపోయిన పని ఆ గూళ్ళదే. కొత్తగా ఈ పనిలోకి వచ్చేవాళ్ళు ఒకసారి చదివితే మంచిదని రాస్తున్నాను. మనుషుల పేర్లు రాయను. వాళ్ళ పిల్లలు ఇంకా ఆ పక్కనే ఉన్నారు.

ముందు నా సంగతి. ఇంట్లో తెలుగు, బడిలో తమిళం, ఆఫీసులో ఇంగ్లీషు. బడి చదువు ఎస్సెస్సెల్సీతో ఆగింది. బడి ఆగితే చదువు ఆగాలని ఎక్కడా లేదు గనక తిరుత్తణి లైబ్రరీలో మెంబరుగా చేరాను. అక్కడ తెలుగు పుస్తకాలు ఒక అర నిండా కూడా ఉండేవి కావు. రెండేళ్ళలో అవి అయిపోయాయి. తర్వాత తమిళ పుస్తకాలు, ఆ తర్వాత నిఘంటువు పక్కన పెట్టుకొని ఇంగ్లీషువి. వాటిలో రంగు బొమ్మలున్న పక్షుల పుస్తకం ఒకటి ఉండేది. అది ఇంటికి ఇచ్చే పుస్తకం కాదు. సెలవు రోజుల్లో అక్కడే బెంచీ మీద కూర్చొని, దాదాపు సగం పుస్తకాన్ని నా నోటుబుక్కులోకి ఎక్కించుకున్నాను. ఈ మాట గర్వంగానే చెబుతున్నాను. ఆ చదువు నన్ను ఎక్కడికి తీసుకుపోయిందో కూడా చెప్పబోతున్నాను, కాబట్టి ఈ కాస్త గర్వాన్నీ క్షమించండి.

డెబ్బైల చివర నేను తిరుత్తణికీ పొదటూరుపేటకీ నడుమ ఒక సెక్షన్లో లైన్‌మన్‌గా ఉన్నాను. బావి బావికీ మోటారు వచ్చిన కాలం అది. గట్ల మీది తాటిచెట్లు ఇటుక బట్టీలకు పోయాయి, తుమ్మచెట్లు పొయ్యిల్లోకి పోయాయి. చెట్టు పోయిన చోటల్లా మేము స్తంభం నాటాం. కాకికి కావలసింది కొంచెం ఎత్తు, పుల్లలు నిలిచేందుకు ఒక చీలిక. మా స్తంభం నెత్తిన ఇనుప కమ్మీ రెండు చేతులు పైకెత్తినట్టు వంగి ఉంటుంది. కాకి దృష్టిలో అంతకంటే మంచి కొమ్మ లేదు. అది మా లైన్ మీదికి వచ్చిందని మేము అనేవాళ్ళం. దాని ఊళ్ళోకి మేమే వచ్చామని లైబ్రరీలో కూర్చున్నప్పుడు నాకు అనిపించేది. బయటికి అనేవాణ్ణి కాదు.

గూళ్ళు తీసే పని ఎక్కువగా ఒక రోజుకూలీ హెల్పరు చేసేవాడు. నాకంటే పదేళ్ళు పెద్దవాడు. వరసకు ఏమీ కాకపోయినా నేను మామా అనేవాణ్ణి, అతను అల్లుడా అనేవాడు. పదమూడేళ్ళుగా మస్టర్ రోల్లో, అంటే రోజుకూలీల హాజరు పట్టీలో, అతని పేరు ఉంది, చేతిలో ఉద్యోగం మాత్రం లేదు. ఆ ఏడు అలాంటివాళ్ళను పర్మనెంట్ చేయడానికి లిస్టు తయారవుతూ ఉంది. మా సెక్షన్ నుంచి మొదటి పేరు అతనిదే. ఆ సంగతి తెలిసిన రోజునుంచి అతని భార్య శుక్రవారం శుక్రవారం తిరుత్తణి కొండ మెట్లెక్కి స్వామికి మొక్కుకొని వస్తూ ఉండేది.

స్తంభం మీద అతని చెయ్యి వేగం చూడాల్సిందే. ఒకసారి పైనుంచి అరిచాడు.

“అల్లుడా, కాకి గుడ్లలో కోయిల గుడ్డు ఒకటి ఉండాది. దీన్నేం చేసేది?”

నాకు ఉత్సాహం వచ్చింది. కిందనుంచే పాఠం మొదలుపెట్టాను. “కాకి కనిపెట్టే కొద్దీ కోయిల గుడ్డు కాకి గుడ్డు మాదిరే మారతా వచ్చిందంట మామా. వేల ఏండ్లుగా నడస్తా ఉండే పోటీ ఇది.”

“అంటే మోసం చేసేదానికీ తెలివి పెరగతాది, మోసపొయ్యేదానికీ పెరగతాది. అంతే గదా?”

“అంతే.”

“అట్లయితే దీనికి పుస్తకం దేనికిరా? మన స్టోరుకూ కంట్రాక్టరుకూ నడిచేది ఇదే గదా!”

కింద ఉన్న పెద్ద లైన్‌మన్ నవ్వి నవ్వి నిచ్చెన వదిలేశాడు. ఆ రోజునుంచి నన్ను ‘పండితా’ అని పిలవడం మొదలుపెట్టాడు. అతను అన్నం తినేటప్పుడు కూడా “ఏం పండితా, ఈ చింతపండు పులుసు గురించి మీ లైబ్రరీ ఏమంటాది?” అని అడిగేవాడు.

కాకులకు మా మొహాలు గుర్తుండేవి. ఏ వీధిలో గూడు తీసినా, తర్వాత నెలరోజులపాటు ఆ వీధిలో మామ తలకు తువ్వాలు చుట్టుకోకుండా నడవలేకపోయేవాడు. ఒక వీధిలో కాకులు ఖాకీ చొక్కానే గుర్తుపెట్టుకున్నట్టున్నాయి. పాపం, పోస్టుమాన్ తల మీద రెండుసార్లు తన్ని పోయాయి. అతను మా ఆఫీసుకు వచ్చి, “మీరు పీకేది, నేను తన్నులు తినేదా?” అని తమిళంలో తగువు పెట్టుకొని పోయాడు.

మామకు ఒక పట్టింపు ఉంది. అమావాస్యకు ముందురోజూ, అమావాస్యనాడూ, ఆ మరునాడూ గూటి మీద చెయ్యి వేసేవాడు కాదు. “మా నాయన పేరు చెప్పి కాకికి అన్నం పెడతాను. అది తినేసి ఇంటికి పొయ్యేలోపల దాని ఇల్లు పీకేస్తే ఏం నాయం అల్లుడా?” అనేవాడు. మిగతా రోజుల్లో కూడా గూడు తీశాక స్తంభం మొదట్లో గుప్పెడు అన్నం పెట్టేవాడు. దీన్ని ఆఫీసులో అందరూ ఎరుగుదురు. అందరూ నవ్వేవాళ్ళు.

దానికి తోడు అంతకు ముందు ఏడు నేను ఒక పని చేశాను. ఒక గూట్లో రెక్కలు మొలుస్తున్న పిల్లలున్నాయి. ఇంకొన్ని రోజుల్లో ఎగిరిపోతాయని పుస్తకం చెబుతూ ఉంది. “ఆగు మామా, పిల్లలు పొయ్యినాక తీద్దువు,” అన్నాను. అతను సంతోషంగా ఆగాడు. రిజిస్టరులో మాత్రం తీసినట్టు రాయించాడు. మా సెక్షన్‌కు పెద్ద జె.ఇ., జూనియర్ ఇంజినీరు. ఆయన కళ్ళలో ఆ గూడు పడింది. మామకు గట్టిగా చీవాట్లు పడ్డాయి. ఆగమన్నది నేనే అని అతను చెప్పలేదు. నేనూ చెప్పలేదు. చిన్న విషయమే కదా అనుకున్నాను.

గూళ్ళలో తీగలు కనిపించడం మాకు కొత్తేమీ కాదు. పుల్లలతో పాటు సైకిలు చువ్వలు, జడ పిన్నులు, మగ్గాల షెడ్ల దగ్గరి సన్న ఇనుప తీగలు, ఒకసారి అద్దాలు లేని కళ్ళజోడు కూడా దొరికింది. పక్షులను గురించి నేను కూడా ఏదో ఒకటి కనిపెట్టాలన్న కోరిక నాకు ఉండేది. అందుకని తీసిన గూళ్ళను విప్పి, ఏ గూట్లో ఏమేమి ఉన్నాయో నోటుబుక్కులో రాసుకునేవాణ్ణి. అల్యూమినియం తీగ ముక్కలు దొరికితే ‘ఎక్కడివో తెలియదు’ అని రాసేవాణ్ణి. ఒక్క సెక్షన్లో లైన్లు కట్టే మనుషులం పదిమందిమి, రోజూ అల్యూమినియం తీగ కోస్తూ ఉన్నాం. అది ఎక్కడిదో తెలియదని రాసుకోవడానికి ఎంత చదువు కావాలో చూడండి.

ఇప్పుడు ఆ వారం సంగతి.

వైశాఖంలో ఒక సోమవారం. పొలాల మీదుగా పోయే పెద్ద లైన్లో వరసగా పది స్తంభాల మీది గూళ్ళు మామ తీశాడు. ఆ వారం బుధవారం అమావాస్య. అందుకని మంగళవారం చేయాల్సిన పనిని ముందురోజే ముగించాడు. రిజిస్టరులో వేలిముద్ర వేశాడు.

మంగళవారం నేనూ ఇంకో ఇద్దరూ అదే లైన్లో, కొంచెం దూరంగా, మూడు స్తంభాలెక్కి పాత కట్లు మార్చాం. కట్టు అంటే, పింగాణీ కప్పు మీద కూర్చునే లైను తీగ జారిపోకుండా దాన్ని సన్న తీగతో బిగించి చుట్టడం. చుట్టాక మిగిలిన కొసలు కటింగ్ ప్లేయరుతో కోసి కింద పడేస్తాం. అందరం అంతే చేసేవాళ్ళం, మా పెద్దవాళ్ళూ అంతే చేశారు. ఆ రోజు పొద్దునే స్టోరునుంచి వచ్చిన కొత్త తీగచుట్ట విప్పాం. పాత చుట్ట తీగ బూడిద రంగుకు తిరిగిపోయింది. ఇది వెండిలా మెరుస్తూ ఉంది. నా ప్లేయరు అంచు ఒకచోట విరిగి ఉండేది. దానితో కోసిన ప్రతి కొస మీదా చిన్న ముల్లులాంటి మిగులు నిలిచేది. వేలికి గుచ్చుకుంటుందని పెద్ద లైన్‌మన్ తిట్టేవాడు. కొత్తది అడగాలి అడగాలి అనుకుంటూనే ఉన్నాను.

శనివారం మధ్యాహ్నం ఆ లైన్ తెగింది.

ఒక రైతు వరిమడి దున్ని, నాగలి విప్పి, ఒక ఎద్దును గట్టు మీద కట్టేశాడు. రెండోదాన్ని తోలుకురావడానికి వెనక్కి తిరిగేలోపల తీగ తెగి నీళ్ళ మడిలో పడింది. సబ్‌స్టేషన్లో బ్రేకరు వెంటనే పడి కరెంటు ఆగింది. ఎద్దుకు ఆ వెంటనే కూడా ఆలస్యమే అయింది. మేము పోయేసరికి అది మడిలో పక్కకు ఒరిగి ఉంది. గట్టు మీది ఎద్దు అరుస్తూ ఉంది. రైతు మా మీద చెయ్యి చేసుకుంటాడనుకున్నాం. అతను గట్టు మీద కూర్చొని ఉన్నాడు.

“మనిషి పొయ్యుంటే మీ ఆఫీసు మూసేసి అందరూ వచ్చుందురు,” అన్నాడు. “ఎద్దు గదా, ముగ్గురే వచ్చినారు.”

పన్నెండో స్తంభం తల మీద సగం కాలిన గూడు వేలాడుతూ ఉంది. జె.ఇ. మద్రాసు వైపునుంచి వచ్చిన మనిషి. మంచివాడే, కాగితానికి తప్ప దేనికీ భయపడడు. ఆ గూటివైపు చూపించి, “ఎన్నయ్యా ఇదు?” అని తమిళంలో, ఇదేమిటయ్యా అని, మామను అడిగాడు.

“గూడు సార్.”

“అది తెలుసు. సోమవారం తీసినట్టు వేలిముద్ర ఉంది కదా?”

“తీసినాను సార్. ఆ సామి మీద ఒట్టు. మళ్ళీ కట్టుకునుండాది.”

“అయిదు రోజుల్లోనా? అమావాస్య వారం అని వదిలేశావు. పోయిన ఏడు వదల్లేదా?”

లైన్ ఆపించి, గూడు దించడానికి నన్ను ఎక్కించారు. ఎక్కాక నాకు కనిపించినవి మూడు. ఒకటి, ఆ గూడు పూర్తి కాలేదు. గుడ్లు పెట్టే ముందు కాకి లోపల కొబ్బరిపీచో వెంట్రుకలో పరుస్తుంది. ఇందులో పీచు లేదు, గుడ్లు లేవు. రెండు, పుల్లల మధ్య ఉన్న తీగలు వెండిలా మెరుస్తున్నాయి. మూడు, ఒక ముక్క కొసను వేలితో తడిమితే చిన్న ముల్లు గుచ్చుకుంది.

పుస్తకంలో లేని పాఠం ఒక్క క్షణంలో అర్థమైంది. మంగళవారం విప్పిన చుట్టలోని తీగ సోమవారం గూట్లో ఉండే వీలు లేదు. మామ గూడు తీశాడు. మంగళవారం నేను కింద పడేసిన ముక్కలు ఏరుకొనే కాకి మళ్ళీ కట్టింది. పొడుగాటి ముక్క ఒకటి లైను తీగకూ ఇనుప కమ్మీకీ తగిలి, నిప్పులు రేగి తీగ తెగింది. మామ నిర్దోషి అని చెప్పే సాక్ష్యమూ, తప్పు నాదని చెప్పే సాక్ష్యమూ ఒకే ముక్క.

ఆ ముక్కను జేబులో వేసుకున్నాను. మిగతా గూడు కింద పడేశాను. నేల తగలగానే అది చెదిరిపోయింది. దాన్ని ఎవరూ ఏరి చూడలేదు.

సాయంత్రానికి ఎద్దును ఊరి బయటికి ఈడ్చారు. తోలు తీసేవాళ్ళు వాళ్ళ పని చేసుకొని పోయేసరికి ఆకాశంలో చుక్కలు చుక్కలుగా రాబందులు దిగడం మొదలైంది. మరునాటికి ఎముకలు మిగిలాయి. అప్పట్లో అది వింత కాదు. పుస్తకంలో బొమ్మ చూసుకొని మెడ ఎలా ఉందో సరిపోల్చుకునేవాణ్ణి. అవి ఇక కనబడకుండా పోయే పక్షులని నాకు తట్టలేదు. పశువులకు వేసే ఒక నొప్పిమందు కళేబరాల్లో ఉండిపోయి వాటిని చంపిందని చాలా ఏళ్ళ తర్వాత చదివాను. మేము ఏటా పీకి పారేసిన కాకి మాత్రం అలాగే ఉంది. మనం పారేసినదాన్ని వాడుకోగలిగిన పక్షి నిలబడింది. పారేసినదాంట్లో ఏముందో తెలియక తిన్నది పోయింది. దీన్ని గురించి నేను ఎక్కువ మాట్లాడకూడదు. పారేసేవాళ్ళలో నేనూ ఉన్నాను.

మళ్ళీ వచ్చిన మంగళవారం పై ఆఫీసునుంచి ఒక పెద్ద ఇంజినీరు విచారణకు వచ్చాడు. మామ చెప్పినదే మళ్ళీ చెప్పాడు. పెద్దాయన విన్నాడు. తొందరపాటు మనిషి కాదు. “గూడు అంత తొందరగా కడుతుందా?” అని అందరినీ అడిగాడు. ఒకరు కడుతుందన్నారు, ఒకరు కట్టదన్నారు. అప్పుడు జె.ఇ. నా వైపు చెయ్యి చూపించాడు.

“ఇతను పక్షుల పుస్తకాలు చదువుతాడు సార్. ఇతన్ని అడగండి.”

నా జీవితంలో ఒక పెద్ద ఇంజినీరు నన్ను చదువుకున్నవాడిగా ఒక ప్రశ్న అడగడం అదే మొదలు. మామ నా వైపు తిరిగాడు. అతని మొహం తేటపడింది. అల్లుడు ఉన్నాడు కదా అన్న ధైర్యం అది.

ఆ ఏడే నా పేరు లైన్ ఇన్‌స్పెక్టరు ప్రమోషనుకు పోయి ఉంది. అది కారణమని ఇప్పుడు చెప్పగలను. అప్పుడు ఏదీ ఆలోచించినట్టు గుర్తులేదు. నోటికి వచ్చింది అనేశాను.

“అంత తొందరగా కడతాదని పుస్తకంలో లేదు సార్.”

అబద్ధం కాదు. పుస్తకంలో నిజంగానే లేదు. ఆ పుస్తకంలో మా ప్లేయరు కూడా లేదు, కొత్త చుట్టా లేదు. అంత ఖచ్చితమైన నిజాన్ని అంత నీచంగా వాడుకోవచ్చని నేను ఆ రోజు నేర్చుకున్నాను. పెద్దాయన ఏదో రాసుకున్నాడు. మామ తల తిప్పేసుకున్నాడు.

మరునాటినుంచి మామను పనిలోకి రావద్దన్నారు. తీర్పు వచ్చేదాకా మస్టర్ రోల్లో పేరు లేదు. అతను ఒక ఇటుక బట్టీలో కూలికి కుదిరాడని విన్నాను. నేను రోజూ పనికి పోయాను. ఆ ఆదివారం లైబ్రరీకి కూడా పోయాను. కాకి గూడు ఎన్నాళ్ళకు కడుతుందో ఇంకేదైనా పుస్తకంలో ఉందేమో అని వెతికాను. నన్ను తప్పించే వాక్యం ఒకటి ఎక్కడో అచ్చయి ఉంటుందని ఆశ. దొరకలేదు. తీగముక్క చొక్కా మార్చినప్పుడల్లా జేబు మారుతూ నాతోనే ఉంది. పారేయాలంటే భయం వేసింది. ఏ కాకో ఎత్తుకుపోతుందని కాదు, అది పోతే జరిగినదాన్ని నేను కూడా నమ్మడం మానేస్తానని.

తర్వాతి మంగళవారం సాయంత్రం మామ లైబ్రరీ దగ్గరికి వచ్చాడు. లోపలికి రాకుండా మెట్ల దగ్గర నిలబడ్డాడు. చేతులకు ఎర్రటి ఇటుక దుమ్ము.

“అల్లుడా, ఒక అర్జీ రాసియ్యాల.”

“లోపలికి రా మామా.”

“వద్దులే. ఈ కాళ్ళతో వస్తే ఊడ్చే ఆయమ్మ అరస్తాది. నువ్వే రా.”

లైబ్రరీ అరుగు మీద కూర్చున్నాం. కాగితం అతనే తెచ్చాడు, మడత పడకుండా పంచాంగంలో పెట్టుకొని.

“నీ మీద నాకు కోపం లేదు,” అన్నాడు. “పుస్తకంలో లేనిది ఉండాదని నువ్వు యాడ చెప్పగలవు? అది నాయమే. అయితే నువ్వు రాస్తే నమ్మతారు. నాకు మాట చెప్పేదానికి రాదు. సోమవారం పన్నెండో స్తంభం గూడు తీసినాననీ, దాంట్లో నాలుగు గుడ్లు ఉన్నాయనీ, అన్నం గూడా పెట్టినాననీ రాయి.”

“అన్నం సంగతి దేనికి మామా?”

“నిజం గదా. నిజం రాసేటప్పుడు కొంచెం విడిచిపెట్టి రాస్తారా?”

నేను రాయడం మొదలుపెట్టాను. ‘సోమవారం నాడు నేను పన్నెండవ స్తంభము మీది గూడు తీసినాను’ అన్న వాక్యం అయింది. గుడ్ల సంగతి అయింది. అన్నం సంగతి దగ్గర పెన్ను ఆగిపోయింది. అతను దాన్ని చూసి, “ఏం, ఇంకు అయిపొయ్యిందా?” అన్నాడు.

“రేపు సుద్దంగా రాసిస్తాను మామా.”

“రేపియ్యి. మరిచిపోవద్దు.” లేచి పోయాడు. రెండడుగులు వేసి వెనక్కి తిరిగి, “పర్మనెంట్ అయితే నీకు తిరుత్తణి హోటల్లో పొంగలు తినిపిస్తాలే!” అన్నాడు.

ఆ రాత్రి అదే కాగితం కింద, ఆ తీగ నేను పడేసిందేనని నా వాంగ్మూలం రాశాను. తెల్లవారి ఆఫీసు తెరవగానే జె.ఇ. బల్ల మీద నాలుగు పెట్టాను. ఆ కాగితం, తీగముక్క, నా ప్లేయరు, నా నోటుబుక్కు. ఆయన చదివాడు. స్టోరు రిజిస్టరు తెప్పించి, కొత్త చుట్ట ఇచ్చిన తేదీ చూశాడు. నా ప్లేయరుతో తనే ఒక తీగ కోసి, రెండు కొసలూ పక్కపక్కన పెట్టుకొని కిటికీ వెలుగులో చాలాసేపు చూశాడు. చివరికి ఒక వేలితో నోటుబుక్కు తెరిచాడు. ‘అల్యూమినియం తీగ, ఎక్కడివో తెలియదు.’ ఒక పేజీ కాదు, ఎన్నో పేజీలు.

“ఇన్ని పుస్తకాలు చదివావు,” అన్నాడు తమిళంలో. “మన చెత్త మనం ఏరుకోవాలని ఒక్కదాంట్లో కూడా లేదా?”

ఆయన నోటుబుక్కు మూశాడు.

“ఎప్పుడు తెలిసింది?”

“ఆ శనివారమే సార్. గూడు దించినప్పుడు.”

ఆయన ప్లేయరు బల్ల మీద పెట్టాడు. “లిస్టు మొన్న సోమవారం పోయింది. అతని పేరు కొట్టేసి పంపాను. నేనే సంతకం పెట్టాను.” నోటుబుక్కు నా వైపు తోసి, “సోమవారం పొద్దున చెప్పి ఉన్నా సరిపోయేదయ్యా,” అన్నాడు.

ఆ మధ్యాహ్నమే ఆయన నన్ను వెంటబెట్టుకొని పెద్ద ఇంజినీరు దగ్గరికి పోయాడు. మామ మీది ఆరోపణ కొట్టేశారు. మళ్ళీ మస్టర్ రోల్లోకి తీసుకున్నారు. లిస్టు మాత్రం వెనక్కి రాలేదు. పోయిన లిస్టు వెనక్కి రావడం మా శాఖలో నేను చూడలేదు. తర్వాతి లిస్టు రావడానికి నాలుగేళ్ళు పట్టింది. అంతవరకూ అతను అవే స్తంభాలు, అవే గూళ్ళు, రోజుకూలీగానే ఎక్కి దిగాడు. నాకు ఛార్జి మెమో ఇచ్చారు. ఆ ఏటి ప్రమోషను పోయింది. అది నాకు న్యాయంగానే తోచింది.

మా సెక్షన్లో ఒక మార్పు మాత్రం వచ్చింది. కట్టు కట్టడానికి ఎక్కేవాడు నడుముకు గుడ్డసంచి కట్టుకోవాలి, కోసిన ప్రతి ముక్కా అందులో పడాలి. జె.ఇ. పెట్టిన నియమం. పెద్ద లైన్‌మన్ దానికి ‘పండితుడి సంచి’ అని పేరు పెట్టాడు. ఆ తర్వాతి ఏళ్ళలో కూడా కాకులు మా స్తంభాల మీద కట్టాయి. కట్టక ఎక్కడికి పోతాయి? తుమ్మచెట్లు మళ్ళీ రాలేదు. అయితే గూళ్ళలో తీగ తగ్గింది, పుల్లలు పెరిగాయి. పుల్లలతో కట్టిన గూడు తడిస్తే తప్ప లైన్‌కు అంత ప్రమాదం కాదు. అందుకని పిల్లలున్న గూళ్ళను ఎగిరేదాకా ఉంచడానికి జె.ఇ. కొన్నిచోట్ల ఒప్పుకున్నాడు, రిజిస్టరులో ‘పిల్లలున్నవి, ఉంచాము’ అని నిజమే రాయించి.

నేను చదవడం మానలేదు. మీరూ మానవద్దు. అయితే చదివినవాడి మాటకు బరువు ఎక్కువ, ఎవరిమీద పడుతుందో చూసుకొని దించాలి. నాకు దొరికిన పాఠం అంతే. దానికి మూల్యం కట్టింది ఇంకొకరు.

మామ తిరిగి పనిలోకి వచ్చిన మొదటి రోజుల్లో నాతో మామూలుగానే ఉన్నాడు. నేనే అతని ఎదుట పడకుండా తిరిగాను. ఒకరోజు తప్పలేదు. అదే లైన్, పన్నెండో స్తంభం. కాకి మళ్ళీ పుల్లలు పెట్టింది. మేమిద్దరమే ఉన్నాం. అతను బెల్టు తీసి దులుపుకుంటూ అడిగాడు.

“అల్లుడా, ఆ తీగముక్క నీకు శనివారమే దొరికింది గదా?”

“అవును మామా.”

“పదకొండు దినాలు యాడ పెట్టుకోనుంటివి?”

“జేబులో.”

“అర్జీ రాసేటప్పుడు గూడా?”

“అప్పుడు గూడా.”

అతను తల పైకెత్తి గూటివైపు చూశాడు. కాకి లైన్ మీద కూర్చొని మమ్మల్ని చూస్తూ ఉంది.

“నీకంటే కాకే నయం గదరా,” అన్నాడు. “దొరికింది దొరికినట్టు ఎత్తుకోనిపొయ్యి, ఊరంతా చూసే చోట పెట్టింది.”

బెల్టు బిగించుకొని ఎక్కడం మొదలుపెట్టాడు. నేను కింద తాడు పట్టుకొని నిలబడ్డాను.